మైసూరులో మాయాసిరా



మీ బడిలో తెలుగు, లెక్కలు, సామాన్యశాస్త్రం, సాంఘికశాస్త్రం అన్నీ చెబుతారు గదా! వీటితోబాటు 'మాయాసిరా శాస్త్రం' అనే పాఠం కూడా ఒకటి ఉన్నదనుకోండి. దానికి ఒక పుస్తకం, ఒక పంతులుగారు, సంవత్సరాంతాన పరీక్ష కూడా ఉన్నవనుకోండి. ఆ పరీక్షలో ఏం అడుగుతారు?

నేను ముప్పై ఏళ్ళకు పైగా పాఠాలు చెప్పినవాణ్ణి. ప్రశ్నపత్రం తయారుచేయడం నాకు సులభమే. నాలుగే ప్రశ్నలు ఇస్తాను. ఒకటి, ఈ సిరా దేనితో చేశారు? రెండు, ఇది దేనిమీద నిలుస్తుంది? మూడు, ఎంతకాలం నిలుస్తుంది? నాలుగు, అంతకాలమే ఎందుకు నిలవాలి?

మొదటి మూడు ప్రశ్నలకూ సామాన్యశాస్త్రం చదివినవారు జవాబు వ్రాయగలరు. నాలుగోదానికి కొంచెం ఆలోచించాలి. ఆ ఆలోచన కోసమే మిమ్మల్ని మైసూరు తీసుకుపోతాను. అక్కడ ఒకే ఊళ్ళో రెండు మాయాసిరాలు ఉన్నవి.

బయలుదేరే ముందు ఇంట్లోనే చిన్న ప్రయోగం చేయండి. ఒక నిమ్మకాయ రసం పిండి, పుల్లకు దూది చుట్టి, ఆ రసంతో తెల్లకాగితం మీద మీ పేరు వ్రాయండి. ఆరిన తరువాత చూస్తే కాగితం మీద ఏమీ కనపడదు. అప్పుడు అమ్మనో నాన్ననో పిలిచి, ఆ కాగితం మీద వేడి ఇస్త్రీపెట్టె ఆనించమనండి. మీ పేరు గోధుమరంగులో పైకి వస్తుంది! వేడికి కాగితం మాడేకంటె ముందుగా నిమ్మరసంలోని పదార్థాలు మాడతవి. అంతే, ఇందులో మంత్రమేమీ లేదు. కారణం తెలియనంతవరకే మాయ, తెలిస్తే శాస్త్రం. ఈ మాట గుర్తుంచుకుని రైలెక్కండి.

బెంగుళూరు నుండి మైసూరుకు రైలుదారి సుమారు 140 కిలోమీటర్లు. పెద్ద పెద్ద బండల కొండలున్న రామనగరం దాటగానే చన్నపట్నం వస్తుంది. ఇక్కడి కొయ్యబొమ్మలు దేశమంతటా పేరు పొందినవి. మన ఏటికొప్పాక బొమ్మలు మీరు చూచే ఉంటారు. వాటి మాదిరిగానే వీటికి కూడా లక్కతో రంగు వేస్తారు. తిరుగుతున్న కొయ్యకు రంగు కలిపిన లక్కకడ్డీ ఆనిస్తే, ఆ రాపిడి వేడికి లక్క కరిగి కొయ్యకు నున్నగా అంటుకుంటుంది. లక్క అంటే ఏమిటో తెలుసునా? చెట్టుకొమ్మల మీద చేరిన చిన్న చిన్న పురుగులు తమ చుట్టూ కట్టుకునే జిగురు. పాండవులను కాల్చివేయాలని దుర్యోధనుడు కట్టించిన లక్కయిల్లు దీనితో చేసినదే. ఈ లక్కతో మనకు మళ్ళీ పని పడుతుంది, కాబట్టి మరచిపోకండి.

ఆ తరువాత మద్దూరు, మండ్య వస్తవి. దారి పొడుగునా చెరకుతోటలు, వరిచేలు. కావేరీనది రెండు పాయలుగా చీలి చుట్టిన దీవి శ్రీరంగపట్నం. అది దాటితే మైసూరే.

మైసూరులో అందరూ మొదట మహారాజుగారి భవనం చూస్తారు. 1897లో పాత కొయ్యభవనం అగ్నికి ఆహుతి కాగా, దాని స్థానంలో కట్టిన ఈ కొత్త భవనం 1912లో పూర్తయినది. మీరూ చూడండి, కాని అక్కడే పొద్దు పుచ్చకండి. మనకు కావలసిన మొదటి సిరా ప్రాచ్య విద్యా పరిశోధనాలయంలో ఉన్నది. 1891లో పుస్తక భాండాగారంగా మొదలైన ఈ సంస్థలో వేలకొద్ది తాళపత్ర గ్రంథాలు భద్రంగా ఉన్నవి.

తాటాకు మీద మన పెద్దలు ఎట్లా వ్రాసేవారో వినండి. ముందు ఆకును ఉడకబెట్టి, ఆరబెట్టి, నునుపుచేసి, ఒకే కొలతకు కత్తిరించేవారు. తరువాత ఎడమచేత ఆకు పట్టుకుని, కుడిచేత ఇనుపగంటంతో అక్షరాలు గీసేవారు. వ్రాసేటప్పుడు సిరా ఉండదు! గీత మాత్రమే పడుతుంది, అక్షరం సరిగా కనపడదు. వ్రాయడం పూర్తయిన తరువాత దీపపు మసిని నూనెలోనో ఆకుపసరులోనో కలిపి ఆకంతటా పూసి, గుడ్డతో తుడిచేవారు. పైనున్న మసి పోతుంది. గీతలలోకి దిగిన మసి అక్కడే ఉండిపోతుంది. అంతవరకు కనపడని అక్షరాలు ఒక్కసారిగా నల్లగా మెరుస్తవి. మీ నిమ్మరసం ప్రయోగానికి ఇది తాతవంటిది!

మసి ఎందుకు వెలిసిపోదు? మసి అంటే బొగ్గే. దానికి శాస్త్రజ్ఞులు కార్బన్ అని పేరు పెట్టారు. ఎండ తగిలినా, గాలి తగిలినా అది మారదు. ఆకును పురుగు తినవచ్చు, ఆకు విరగవచ్చు, కాని మసి మాత్రం మసిగానే ఉంటుంది. అందుకే భాండాగారాలలో పనిచేసేవారు పాత తాటాకులను శుభ్రం చేసి, పురుగు పట్టకుండా నిమ్మగడ్డి నూనె రాస్తారు. అక్షరాలు మసకబారితే మళ్ళీ మసి పూస్తారు. వందల ఏళ్ళనాటి వ్రాత తిరిగి నల్లబడుతుంది.

ఈ భాండాగారానికి 1905లో తంజావూరు జిల్లా పండితుడొకరు ఒక తాళపత్ర గ్రంథం తెచ్చి ఇచ్చాడు. అక్కడ పనిచేస్తున్న ఆర్. శామశాస్త్రిగారు దానిని చదివి ఆశ్చర్యపోయారు. అది కౌటిల్యుని అర్థశాస్త్రం! ఆ గ్రంథం పేరు పండితులు విన్నారే గాని, పూర్తి గ్రంథం దొరకక, పోయిందనే అనుకున్నారు. శామశాస్త్రిగారు 1909లో దానిని అచ్చువేయించారు. రాజు ఎట్లా పాలించాలి, పన్నులు ఎట్లా వేయాలి, తప్పుచేసిన ఉద్యోగిని ఎట్లా పట్టుకోవాలి అనే సంగతులన్నీ అందులో ఉన్నవి. కొంచెం దీపపు మసి వాటిని మనదాకా మోసుకువచ్చింది.

ఇక మన ప్రశ్నలకు జవాబులు చూడండి. ఈ సిరా మసితో చేసినది. తాటాకు గీతలలో నిలుస్తుంది. ఆకు ఉన్నంతకాలం ఉంటుంది. అంతకాలం ఎందుకు ఉండాలి? వ్రాసినవాడు పోయినా, చదివేవాడు ఇంకా పుట్టకపోయినా, చెప్పిన మాట పోకూడదు గనుక.

ఇక రెండవ సిరా చూద్దాం. దీని గుణం పూర్తిగా వేరు. దీనిని వెతుక్కుంటూ మనం ఊరి ఉత్తరపు దిక్కున ఉన్న బన్నిమంటపం వైపు పోవాలి. కన్నడంలో 'బన్ని' అంటే మన జమ్మిచెట్టు. విజయదశమినాడు మైసూరు రాజభవనం నుండి బయలుదేరే ఊరేగింపులో, బంగారు అంబారీలో చాముండేశ్వరీదేవిని కూర్చోబెట్టుకుని ఏనుగు సుమారు 5 కిలోమీటర్లు నడిచి ఇక్కడికే వస్తుంది. పాండవులు అజ్ఞాతవాసంలో తమ ఆయుధాలు జమ్మిచెట్టు మీద దాచిన కథ మీరు ఎరుగుదురు గదా! ఆ జమ్మి పేరున్న పేటలోనే, ఆయుధం కాని ఆయుధం ఒకటి తయారవుతున్నది.

అక్కడ ఒక రంగుల కర్మాగారం ఉన్నది. 1937లో మైసూరు మహారాజు నాల్వడి కృష్ణరాజ ఒడెయారుగారు దీనిని స్థాపించారు. చుట్టుపక్కల అడవులలో దొరికే లక్కతో రంగులు, మెరుగునూనెలు చేయించాలని ఆయన ఉద్దేశ్యం. అందుకే మొదట దాని పేరులో లక్క కూడా ఉండేది. స్వాతంత్ర్యం వచ్చిన తరువాత అది ప్రభుత్వపరమైనది. 1989 నుండి 'మైసూర్ పెయింట్స్ అండ్ వార్నిష్' అని పిలుస్తున్నారు. ఎన్నికల పెట్టెలకు సీలు వేసే లక్క కూడా ఇక్కడ చేస్తారు. కాని దీనికి కీర్తి తెచ్చింది లక్క కాదు, సిరా. ఓటు వేసినవారి వేలికి పెట్టే సిరా!

మీ అమ్మానాన్నలు ఓటు వేసి వచ్చినప్పుడు ఎడమచేతి చూపుడువేలి మీద ఊదారంగు గీత చూచారా? సబ్బుతో కడిగినా పోదు. మర్నాటికి ఇంకా నల్లబడుతుంది కూడా. అది మైసూరు నుండి వచ్చినదే.

అసలు ఈ సిరా అవసరం ఎందుకు కలిగింది? 1951-52లో మన దేశంలో మొదటి సార్వత్రిక ఎన్నికలు జరిగినవి. ఓటర్లు 17 కోట్లకు పైగా ఉన్నారు. వారిలో చాలామందికి చదువు రాదు. ఫోటో ఉన్న గుర్తింపుకార్డులు అప్పుడు లేవు, అవి 1993 తరువాతనే వచ్చినవి. ఒక మనిషి ఉదయం ఒక పేరుతో ఓటు వేసి, సాయంత్రం మరొక పేరుతో వస్తే ఎట్లా పోల్చుకోవడం? మనిషికి ఒక్క ఓటే అని చట్టం చెప్పింది. ఆ మాటను నిలబెట్టడానికి వేలి మీద ఒక గుర్తు కావలసివచ్చింది. ఢిల్లీలోని జాతీయ భౌతిక ప్రయోగశాల శాస్త్రజ్ఞులు ఈ సిరా సూత్రాన్ని తయారుచేసి ఇచ్చారు. 1962 ఎన్నికల నుండి మన ఎన్నికల సంఘానికి ఈ సిరాను మైసూరు కర్మాగారమే పంపుతున్నది.

ఏయే పదార్థాలు ఎంతెంత కలుపుతారో రహస్యం. అయితే అందులోని ముఖ్యమైన వస్తువు అందరికీ తెలిసినదే. దాని పేరు సిల్వర్ నైట్రేటు. మీ అమ్మ కాలిపట్టీలలో ఉండే వెండిని నత్రికామ్లంలో కరిగించి ఈ లవణం చేస్తారు. నీటిలో కలిపితే దీనికి రంగు ఉండదు. పెట్టగానే కనపడడం కోసం ఊదారంగు కలుపుతారు. మాయ ఆ తరువాత మొదలవుతుంది. మన చర్మం మీద చెమట ఉంటుంది, చెమటలో ఉప్పు ఉంటుంది. సిల్వర్ నైట్రేటు ఆ ఉప్పుతో కలిసి సిల్వర్ క్లోరైడుగా మారుతుంది. ఇది నీటిలో కరగదు, చర్మాన్ని గట్టిగా పట్టుకుంటుంది. దీనిమీద వెలుతురు పడితే సన్నని వెండిరేణువులు విడిపడి నల్లబడతవి. పూర్వం ఫోటో ఫిల్ము మీద బొమ్మ పడేది కూడా వెండిలవణాలకున్న ఈ గుణం వల్లనే. అంటే ఓటరు ఎండలో నడిచి ఇంటికి పోతూ ఉంటే, సూర్యుడే ఆ గుర్తును ముదురుచేస్తాడన్నమాట! అందుకే ఈ సిరాను వెలుతురు చొరని ముదురురంగు బుడ్లలో పోస్తారు. ఒక హెచ్చరిక: సిల్వర్ నైట్రేటుతో మీరు ప్రయోగాలు చేయకండి. అది విషం, కంటికి తగిలితే ప్రమాదం. మీకు నిమ్మరసం చాలు.

ఎన్నికల పనికి బడిపంతుళ్ళను పిలుస్తారని మీకు తెలుసు. నేను కూడా చాలా ఎన్నికలలో సిరాబుడ్డి ముందు కూర్చున్నాను. మొదటి ఉద్యోగి జాబితాలో పేరు చూచి పైకి చదువుతాడు. రెండవ ఉద్యోగి వేలు చూచి, దానిమీద ఇంతకుముందు గుర్తు లేదని తెలుసుకుని, సిరా పెడతాడు. పూర్వం గోరూ చర్మమూ కలిసేచోట చుక్క పెట్టేవాళ్ళం. 2006 నుండి గోరు కొస మొదలు మొదటి కణుపు కిందివరకు గీత గీస్తున్నారు.

ఆ బల్ల దగ్గర కూర్చుంటే ఒక రోజులో ఎన్నెన్ని వేళ్ళు చూస్తామో! మట్టిలో పనిచేసి బీటలు వారిన వేళ్ళు, ఉంగరాలు తొడిగిన వేళ్ళు, బీడీలు చుట్టి పసుపెక్కిన వేళ్ళు, సున్నం తిని అరిగిన వేళ్ళు. అన్నిటికీ అదే సిరా, అదే గీత.

ఒకసారి ఒక ముసలమ్మ గీత వేయించుకుని, వేలు కళ్ళదగ్గర పెట్టుకుని చూచి, "ఈ మరక పోతే నా ఓటు కూడా పోతుందా, బాబూ?" అని అడిగింది.

"పోదు, అవ్వా! మరక వేలి మీద, ఓటు పెట్టెలో. మరక పోయినా ఓటు ఉంటుంది" అన్నాను.

"అయితే సరే" అని ఆమె నవ్వుతూ లోపలికి పోయింది.

మరొకసారి ఒక రైతు వచ్చాడు. చెరకుగానుగలో పడి ఎడమచేతి వేళ్ళన్నీ పోయినవి. ఆ చేతిని కండువా కింద దాచుకుని, "అయ్యా! వేలు లేనివాడికి ఓటు లేదంటారా?" అని మెల్లగా అడిగాడు. వరుసలో ఉన్నవారంతా నిశ్శబ్దంగా చూస్తున్నారు. నేను నియమాల పుస్తకం తీసి అతనికి చదివి వినిపించాను. 1961 నాటి ఎన్నికల నియమాలు వ్రాసినవారు అతని వంటివారిని మరచిపోలేదు. ఎడమ చూపుడువేలు లేకపోతే ఆ చేతికే ఉన్న మరొక వేలికి పెట్టాలి. ఎడమచేతికి వేళ్ళే లేకపోతే కుడిచేతి వేలికి పెట్టాలి. రెండు చేతులకూ వేళ్ళు లేకపోతే, ఉన్నంత చేతికొసకు పెట్టాలి. ఎవరికి ఎంత చేయి ఉంటే అంత చేతికే గుర్తు. ఓటు మాత్రం అందరికీ ఒక్కటే! ఆ రైతు కుడిచేయి చాచాడు. నేను గీత గీశాను. అతను తల ఎత్తుకుని ఓటు వేయడానికి పోయాడు.

ఇక ఈ సిరా ఎట్లా పోతుందో చూద్దాం. చర్మం మీద ఉన్నది కొద్దిరోజులలోనే పోతుంది. ఎందుకంటే మన పైచర్మం ఎప్పటికప్పుడు రాలిపోయి, కిందినుండి కొత్తది వస్తూ ఉంటుంది. గోటి మీద ఉన్నది మాత్రం అట్లా పోదు. గోరు నెలకు సుమారు 3 మిల్లీమీటర్లు పెరుగుతుంది. మరక గోటితోపాటు మెల్లగా పైకి జరిగి, కొసకు చేరి, ఒకనాడు గోరు కత్తిరించినప్పుడు రాలిపోతుంది. ఈసారి ఎన్నికలు జరిగినప్పుడు మీరు వారానికి ఒకసారి మీ నాన్నగారి గోరు కొలిచి, పుస్తకంలో తేదీతో వ్రాసుకోండి. పైసా ఖర్చులేని మంచి ప్రయోగం!

మీకు ఒక లెక్క కూడా ఇస్తాను. 10 మిల్లీలీటర్ల బుడ్డితో సుమారు 700 మందికి గుర్తు పెట్టవచ్చు. 2024 లోక్‌సభ ఎన్నికలకు మైసూరు నుండి 26 లక్షలకు పైగా బుడ్లు వెళ్ళినవి. ఓటర్లు 96 కోట్లకు పైగా ఉన్నారు. 26 లక్షలను 700 పెట్టి గుణించండి. 182 కోట్లు వస్తుంది! ఓటర్లకంటె ఇంత ఎక్కువ సిరా ఎందుకు? కర్మాగారంవారికి లెక్కలు రావా? వచ్చు. దేశంలో పోలింగు కేంద్రాలు 10 లక్షలకు పైగా ఉన్నవి. ఓటర్లు వెయ్యిమంది ఉన్నా, పదిమంది ఉన్నా ప్రతి కేంద్రానికీ సిరా పంపాలి. 2019లో గుజరాతులోని గిర్ అడవిలో, బాణేజ్ అనేచోట, ఒకే ఒక్క ఓటరు కోసం పోలింగు కేంద్రం పెట్టారు. ఆ ఒక్క వేలి కోసం ఉద్యోగులు సింహాలు తిరిగే అడవిలోకి సిరాబుడ్డి పట్టుకుపోయారు. మిగిలిన సిరా వృథా అనుకుందామా? ఆ ఒక్క మనిషి ఓటు విలువ అంతటిదని అనుకుందాం.

ఈ సిరా పాతికకు పైగా దేశాలకు కూడా పోతున్నది. కంబోడియా, మాల్దీవులు వంటి దేశాలలో గీత గీయరు, వేలినే సిరాలో ముంచుతారు. మన దేశంలో 2016 నవంబరులో పెద్దనోట్లు రద్దయినప్పుడు, నోట్లు మార్చుకోవడానికి వచ్చినవారికి బ్యాంకులలో పెట్టినది కూడా ఇదే సిరా.

అయితే, ఒక సంగతి చెప్పక తప్పదు. ఈ సిరా రెండోసారి వచ్చినవాణ్ణి ఆపగలదే గాని, అన్ని పనులూ చేయలేదు. జాబితాలో పేరు లేనివారికి పేరు చేర్చలేదు. డబ్బు తీసుకుని ఓటు వేసిన వేలికీ, ఆలోచించి ఓటు వేసిన వేలికీ ఒకే గీత పెడుతుంది. ఆ తేడా సిరాకు తెలియదు, వేలిగలవాడికే తెలుస్తుంది.

ఇప్పుడు మన నాలుగో ప్రశ్నకు వద్దాం. ఈ సిరా కొంతకాలమే ఎందుకు నిలవాలి? ఓట్లు వేయడం ముగిసేదాకా గుర్తు ఉండాలి, లేకపోతే మోసం జరుగుతుంది. తరువాత అది పోవాలి. ఎందుకంటే మరొక ఎన్నిక వస్తుంది. అప్పుడు ఆ వేలు శుభ్రంగా ఉండాలి, ఆ మనిషి మళ్ళీ కొత్తగా ఆలోచించాలి. ఎప్పటికీ చెరగని సిరా అయితే జీవితంలో ఒక్కసారే ఓటు!

మైసూరులో మనం చూచిన రెండు సిరాలనూ పక్కపక్కన పెట్టి చూడండి. రాజు ఎట్లా పాలించాలో చెప్పిన మాటలు మసిసిరాతో వందల ఏళ్ళు నిలిచినవి. పాలించేవారిని ప్రజలే ఎన్నుకుంటున్నారనే గుర్తు వెండిసిరాతో కొన్ని వారాలే నిలుస్తుంది. మొదటిదాన్ని భాండాగారంలో భద్రపరచవచ్చు. రెండవదాన్ని భద్రపరచలేము. ఎన్నిక వచ్చిన ప్రతిసారీ మనం లేచి, వరుసలో నిలబడి, మళ్ళీ పెట్టించుకోవలసిందే.

మీకు 18 ఏళ్ళు నిండగానే జాబితాలో మీ పేరు ఉన్నదో లేదో చూచుకోండి. మొదటిసారి మీ వేలికి ఆ చల్లని సిరా తగిలినప్పుడు, మాయాసిరా శాస్త్రంలో మీ పరీక్ష మొదలైనదని తెలుసుకోండి. దానికి జవాబు మీరే వ్రాయాలి. పక్కవారిది చూచి వ్రాయకూడదు సుమా!